శివ్వారం వెళ్లే ముందు: గోదావరి ఒడ్డున మొసళ్లను, పక్షులను చూసి రావడం ఎలా?

"శివ్వారం పోయినం, ఒక్క మొసలి గూడ కనబడలే." చలికాలం వచ్చిందంటే ఈ మాట ఎవరో ఒకరు అంటూనే ఉంటారు. ఏ రోజు వెళ్లారు, ఎన్నింటికి చేరారు, నది ఎలా ఉంది అని అడిగితే తేదీ ఒక్కటే చెబుతారు. నది సంగతి ఎవరూ పట్టించుకోరు. అసలు లోపం అక్కడే.

మంచిర్యాల, పెద్దపల్లి జిల్లాల మధ్య గోదావరిని ఆనుకుని ఉన్న శివ్వారం అభయారణ్యం నలభై చదరపు కిలోమీటర్లు కూడా ఉండదు. నది, ఇసుక మేటలు, మడుగులు, ఒడ్డున అడవి, అంతే. జీపులో తిరిగి జంతువులను వెతికే చోటు కాదు. ఒకచోట కూర్చుని చూసే చోటు. అందుకే ముందు ఏర్పాటు సరిగా ఉంటే రోజు పండుతుంది, లేకపోతే ఎండ దెబ్బే మిగులుతుంది. హనుమకొండ, వరంగల్ నుంచి వెళ్లేవాళ్లను దృష్టిలో పెట్టుకుని రాస్తున్నాను.

1. ముందు నీళ్ల సంగతి తెలుసుకోండి

తేదీ తర్వాత, నీళ్లు ముందు. నది నిండుగా ఉంటే ఇసుక మేటలు మునిగిపోతాయి. మేటలు లేకపోతే మొసలి ఎండకు పడుకోవడానికి చోటుండదు, బురదలో ఏరుకుతినే ఉల్లంకి పిట్టలకు మేయడానికి బురద అంచు ఉండదు. మరీ ఎండిపోతే నీళ్లు లోతు మడుగుల్లోనే మిగులుతాయి. అప్పుడు జీవాలన్నీ అక్కడికే చేరతాయి, మీరూ అక్కడికే వెళ్లాలి.

ఈ భాగంలో నది సహజంగా పారడం లేదని గుర్తుంచుకోండి. పైన శ్రీపాద ఎల్లంపల్లి ప్రాజెక్టు ఉంది, దాని పూర్తి నిల్వ 20.175 టీఎంసీలు. అక్కడ గేట్లు ఎత్తితే కింద నది రూపు గంటల్లో మారిపోతుంది. దానికి తోడు సుందిళ్ల, అన్నారం బ్యారేజీలు. 2023 అక్టోబరులో ఇంకా కిందనున్న మేడిగడ్డ బ్యారేజీలో పియర్లు (స్తంభాలు) కుంగిన తర్వాత ఈ బ్యారేజీల్లో నీళ్ల నిల్వ తీరే మారిపోయింది. కాబట్టి నాలుగైదేళ్ల కిందటి ఫొటో చూసి "ఇక్కడ నిండా నీళ్లుంటాయి" అనుకుని బయలుదేరకండి.

బయలుదేరే రెండు రోజుల ముందు చేయాల్సినవి:

- ఎల్లంపల్లి ఇన్‌ఫ్లో, అవుట్‌ఫ్లో ఎంతో పేపర్లో జిల్లా పేజీ చూడండి. గేట్లు ఎత్తారని ఉంటే ప్రయాణం వాయిదా వేయండి.
- జైపూర్ లేదా మంథని వైపు తెలిసినవాళ్లుంటే "ఇసుక మేటలు తేలినయా?" అని ఒక్క ప్రశ్న అడగండి. అన్నీ అందులోనే తెలుస్తాయి.
- పైన మహారాష్ట్రలో, నిజామాబాద్ వైపు పెద్ద వానలు పడుతున్నాయేమో చూసుకోండి. మన ఊళ్లో ఎండ కాస్తోందని ధీమాగా ఉండొద్దు.

2. నెల ఏది, గంట ఏది

జూలై నుంచి సెప్టెంబరు దాకా వెళ్లకండి. వరద, బురద, పాములు. 2022 జూలై వరదలో నది ఒడ్డునున్న పంపుహౌస్‌లే మునిగాయి. అక్టోబరులో నీళ్లు తగ్గుముఖం పడతాయి గానీ ఒండ్రు ఇంకా పచ్చిగానే ఉంటుంది, కాలు దిగబడుతుంది.

నవంబరు చివరి నుంచి ఫిబ్రవరి దాకా సరైన కాలం. వలస పక్షులు వచ్చి ఉంటాయి, మొసళ్లు ఎండ కోసం బయటికి వస్తాయి. మార్చి నుంచి మే దాకా చూడొచ్చు గానీ షరతులున్నాయి, వాటి గురించి ఏడో అంశంలో చెబుతాను.

ఇక గంట. అడవికి వెళ్లేవాళ్లందరూ "తెల్లవారేసరికి అక్కడుండాలి" అంటారు. పక్షులకు అది నిజమే. మొసలికి చలికాలంలో అది సరిపోదు. నేను ఒక డిసెంబరులో చీకటితో చేరి, గంటన్నర సేపు పొగమంచులోకి కళ్లు చించుకుని చూసి, ఎనిమిది కూడా కాకముందే బ్యాగు సర్దేశాను. వల ఆరేస్తున్న పెద్దమనిషి ఒకాయన నవ్వి, "గప్పుడే పోతరా సార్? ఎండ కాగనియ్యుండ్రి, గదే వస్తది" అన్నాడు. మొహమాటానికి ఆగాను. తొమ్మిదిన్నరకు ఎదుటి మేట మీద మూడు పడుకుని ఉన్నాయి.

మొసలి ఒంటికి తనంతట తానుగా వేడి పుట్టించుకునే శక్తి లేదు. చలి రాత్రి నీళ్లలోనే గడుపుతుంది, ఎందుకంటే గాలి కన్నా నీళ్లు తొందరగా చల్లబడవు. ఎండ ముదిరి ఇసుక వేడెక్కాకే పైకి వస్తుంది. ఎండాకాలంలో దీనికి తలకిందులు: పొద్దున్నే కాసేపు పడుకుని, వేడెక్కగానే నీళ్లలోకి జారిపోతుంది.

దాన్నిబట్టి:

- డిసెంబరు, జనవరి: తెల్లవారింది మొదలు 8.30 దాకా పక్షులు, ఆ తర్వాత 11 దాకా మొసళ్లు.
- మార్చి తర్వాత: పొద్దున 9 లోపు అన్నీ ముగించాలి, లేదా సాయంత్రం 4 తర్వాత చూడాలి.
- మబ్బు పట్టిన రోజు: పక్షులకు ఫర్వాలేదు, మొసలి మీద ఆశ పెట్టుకోకండి.

3. దారి, అనుమతి

రైల్లో అయితే వరంగల్ లేదా కాజీపేట నుంచి రామగుండం మీదుగా మంచిర్యాల. అక్కడి నుంచి చెన్నూరు రోడ్డులో జైపూర్, జైపూర్ నుంచి ఆటోలో శివ్వారం. సొంత బండి ఉంటే పరకాల, భూపాలపల్లి, కాటారం మీదుగా మంథని వైపుకు చేరొచ్చు.

ఏ ఒడ్డుకు వెళ్లాలన్నది చిన్న విషయం కాదు. జైపూర్ వైపు ఉత్తరపు ఒడ్డు, మంథని వైపు దక్షిణపు ఒడ్డు. చలికాలంలో సూర్యుడు దక్షిణానికి వాలి ఉంటాడు కాబట్టి జైపూర్ వైపు నుంచి నదిని చూస్తే ఎండ మీ కళ్లలో పడుతుంది, నీళ్ల మీద మెరుపు తప్ప ఏమీ తెలియదు. మంథని వైపు నుంచైతే ఎండ మీ వెనక ఉంటుంది, ఎదుటి ఒడ్డు వెలుగులో ఉంటుంది. ఫొటోల కోసం వెళ్లేవాళ్లకు నేను మంథని వైపే చెబుతాను. నది వంపు తిరిగిన చోట లెక్క కాస్త మారుతుంది. కానీ మొదటిసారి వెళ్లేవాళ్లకు, ఎల్‌ మడుగు అనే నది మడుగును చూడాలనుకునేవాళ్లకు జైపూర్ వైపే తేలిక.

ఇది అభయారణ్యం. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం లోపలికి వెళ్లడానికి అనుమతి కావాలి. ముందురోజే ఆ వైపు రేంజ్ ఆఫీసులో మాట్లాడండి. బీట్ ఆఫీసర్ నంబరు తీసుకోండి. అడగాల్సినవి నాలుగు: ఏ దారి తెరిచి ఉంది, ఎన్ని గంటల దాకా ఉండనిస్తారు, ఫొటోలకు వేరే రుసుము ఉందా, అటవీ శాఖ పడవ నడుస్తోందా. డ్రోన్ మాట ఎత్తకండి, అనుమతి లేకుండా ఎగరేస్తే కేసు అవుతుంది. చేపలు పట్టేవాళ్ల తెప్ప ఎక్కి "కొంచెం దగ్గరికి తీస్కపో అన్నా" అనడం ఇంకా తప్పు. ఇరుక్కునేది ఆయన.

4. సద్ది, సామాను

ఒడ్డున దుకాణాలుంటాయని నమ్ముకోవద్దు. జొన్న రొట్టె, సర్వపిండి లాంటివి అయితే చెడిపోవు, చప్పుడు చేసే ప్యాకెట్లూ ఉండవు. చిప్స్ ప్యాకెట్ విప్పిన చప్పుడుకు లేచిపోయిన కొంగల గుంపును నేను చూశాను.

- మనిషికి మూడు లీటర్ల నీళ్లు
- బైనాక్యులర్స్: 8×42 సరిపోతుంది. 8 అంటే ఎన్ని రెట్లు పెద్దగా చూపిస్తుందో, 42 అంటే ముందు అద్దం ఎన్ని మిల్లీమీటర్లో. 12, 16 రెట్లవి చేతిలో నిలవవు, బొమ్మ వణుకుతుంది
- మట్టి రంగు, ఆకుపచ్చ రంగు నిండు చేతుల చొక్కా, టోపీ
- మడమ దాటే బూట్లు
- కింద పరుచుకోవడానికి పాత గోనెసంచి. ఇది చాలామంది మరచిపోతారు. ఇసుక పొద్దున చల్లగా, పదింటికి సెగలా ఉంటుంది
- చిన్న నోటుపుస్తకం, పెన్సిల్
- ఆఫ్‌లైన్ మ్యాప్, పవర్ బ్యాంక్
- చెత్త తెచ్చుకోవడానికి ఒక సంచి

తెల్లచొక్కా వద్దు. అత్తరు, సెంటు వద్దు. స్పీకర్లో పక్షి కూత వినిపించి పిలవడం అసలే వద్దు.

5. ఒడ్డును చదవడం నేర్చుకోండి

చాలామంది నేరుగా నీళ్ల దగ్గరికి నడిచిపోతారు. అలా కాదు. అడవి అంచున ఆగి పది నిమిషాలు కేటాయించండి. నది నుంచి పైకి వస్తుంటే ఒడ్డు మెట్లు మెట్లుగా మారుతుంది, ప్రతి మెట్టుకూ వేరే జీవాలు.

నీళ్ల అంచున తడి ఇసుక, బురద. ఇక్కడ ఉల్లంకులు, తీతువులు, గుడ్డికొంగలు. గుడ్డికొంగ మట్టి రంగులో కలిసిపోయి కూర్చుంటుంది, ఎగిరితే మాత్రం తెల్లటి రెక్కలు విచ్చుకుంటాయి.

దాని పైన పొడి ఇసుక మేట. మొసలి పడుకునేదీ, నది మీద తిరిగే టెర్న్ పక్షులు గుడ్లు పెట్టేదీ ఇక్కడే.

ఆ పైన రెల్లు, తుంగ. నీళ్లు నిలిచిన గుంటల్లో జమ్ము. బుడుబుంగలు, నీటికోళ్లు ఇక్కడ దాక్కుంటాయి.

తర్వాత ఏరుమద్ది చెట్ల వరస. పేరులోనే ఏరు ఉంది, వేళ్లు తడికి చేరువలో ఉండాలి దానికి. నున్నటి తెల్ల బెరడు చూసి దూరం నుంచే గుర్తుపట్టొచ్చు. నీటికాకులు, పాముమెడ పిట్టలు రెక్కలు ఆరబెట్టుకునేది వీటి కొమ్మల మీదే. చలికాలంలో కొరమీను గద్ద కూడా ఇలాంటి ఎండుకొమ్మ వెతుక్కుని కూర్చుంటుంది.

ఆ వరస దాటితే టేకు, వెదురు, మోదుగ. అది పొడి అడవి, వరద అందని నేల.

చెట్ల కొమ్మలకు చిక్కుకుని వేలాడే ఎండుగడ్డి, ప్లాస్టిక్ కవర్లు ఎంత ఎత్తున ఉన్నాయో చూడండి. పోయిన వరద అంత ఎత్తుకు వచ్చిందన్నమాట. ఒక్కోసారి అది మీ తలకన్నా పైన ఉంటుంది.

ఇసుక మీద గుర్తులు కూడా చూడండి. నీళ్లలోకి జారినట్టు నున్నటి చాలు, దానికి రెండు వైపులా వేళ్ల ముద్రలు, మధ్యలో తోక గీత ఉంటే అది మొసలి దారి. చాలు అంచులు పదునుగా, తడిగా ఉంటే ఇప్పుడే పోయిందని అర్థం. అక్కడి నుంచి వెనక్కి రండి. చేప పొలుసులు, ఎండ్రకాయ పెంకులు కలిసిన రెట్ట రాళ్ల మీద కనిపిస్తే అది నీటికుక్కల పని కావొచ్చు.

6. కూర్చోవడం, చూడటం

క్రమం తప్పకండి.

మొదట చోటు ఎంచుకోండి. ఏరుమద్ది వరసలో, నీళ్లకు ఎత్తుగా, వెనక చెట్టు ఉండేలా. మీ ఆకారం ఆకాశానికి అడ్డంగా కనిపించకూడదు. గోనెసంచి పరిచే ముందు కర్రతో ఆకులు కదిపి చూడండి.

రెండు, అరగంట కదలకండి. మీరు వచ్చినప్పుడు లేచిపోయినవి తిరిగి వాలడానికి దాదాపు అంత సేపు పడుతుంది. మొదట తీతువు అరుస్తుంది. అది అరుస్తున్నంత సేపూ ఒడ్డున అందరికీ మీరున్నారని తెలిసినట్టే. అది నోరు మూశాకే అసలు చూపు మొదలవుతుంది.

మూడు, కంటితో ముందు, బైనాక్యులర్స్‌తో తర్వాత. ఎడమ నుంచి కుడికి నీళ్ల అంచు వెంబడి మెల్లగా చూడండి. కదలికను కన్నే ముందు పడుతుంది. అద్దాల్లోంచి మొదటే వెతికితే ఒక చిన్న గుండ్రటి ముక్క తప్ప నది కనిపించదు.

నాలుగు, ప్రతి దుంగనూ రెండుసార్లు చూడండి. నిజమైన దుంగ చుట్టూ ప్రవాహం చీలి గీతలు పడతాయి. మొసలి నీళ్లలో ఉంటే ముందు ముక్కు కొస, కొంత ఎడం, ఆ తర్వాత కళ్ల దగ్గర రెండు బుడిపెలు. నీళ్ల వాలుకు ఎదురుగా కదిలే దుంగ ఉండదు కదా.

అయిదు, రాసుకోండి. పేరు తెలియకపోయినా ఫర్వాలేదు. ముక్కు ఆకారం, కాళ్ల రంగు, నడుస్తోందా ఈదుతోందా అని రాస్తే ఇంటికొచ్చాక తేలుతుంది. చలికాలంలో నారింజ రంగు బాతులు జంటగా ఇసుక మీద కనిపిస్తే అవి బాపన బాతులు, తల లేతగా, ఒళ్లు కాస్త ముదురుగా ఉంటుంది. ముక్కు మూసినా పై, కింది భాగాల మధ్య సందు ఉన్న కొంగ నత్తగుల్లకొంగ.

7. మొసలి దగ్గర హద్దు

ఇక్కడున్నది మగ్గర్ అనే మంచినీటి మొసలి. పొడవు మూతి ఘరియల్ కాదు, గోదావరిలో ఘరియల్ లేదు. చట్టంలో మొదటి షెడ్యూలు జీవి, అంటే పులికి ఉన్న రక్షణే దీనికీ ఉంది.

నోరు తెరిచి పడుకుందంటే కోపం అనుకోకండి. ఒంటి వేడి సరిచేసుకుంటోంది, అంతే. నోరు తెరిచి మీ వైపు తిరిగి బుస కొడితే మాత్రం అది వేరు, వెంటనే వెనక్కి.

భయపడాల్సింది మేట మీద కనిపించే మొసలిని చూసి కాదు. మోకాలి లోతు నీళ్ల కింద కనిపించకుండా ఉన్నదాన్ని.

- నీళ్ల అంచు నుంచి కనీసం పది మీటర్లు ఎడంగా ఉండండి.
- కాళ్లు కడుక్కోవడం, గిన్నె తోమడం, సెల్ఫీ కోసం వంగడం వద్దు. పుణ్యం కోసం మునగాలంటే మంథని దగ్గర స్నానఘట్టాలు ఉన్నాయి.
- ఒడ్డులో గుహలాంటి బొరియ కనిపిస్తే పైన నిలబడకండి. మగ్గర్ బొరియలు తవ్వుకుంటుంది, మట్టి కూలుతుంది.
- మాంసం ముక్కలు, కోళ్ల వ్యర్థాలు విసరకండి. మనిషిని చూడగానే తిండి గుర్తుకొచ్చిన మొసలి ఆ ఊరివాళ్లకే ముప్పు.
- పసిపిల్లలను, కుక్కను తీసుకెళ్లొద్దు. పదేళ్లు దాటి, చెప్పిన మాట వినే పిల్లలైతే తీసుకెళ్లొచ్చు.

ఇప్పుడు ఎండాకాలం షరతులు. ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ లోపు మగ్గర్ ఇసుకలో గుంత తవ్వి పాతిక, ముప్పై గుడ్ల దాకా పెట్టి కప్పుతుంది. రెండు నెలలకు, వానలకు ముందు, పిల్లలు లోపలి నుంచి అరుస్తాయి. తల్లి వచ్చి గుంత తవ్వి పిల్లలను నోట కరుచుకుని నీళ్లలో వదులుతుంది. అన్నాళ్లూ ఆ చుట్టుపక్కలే కాపలా. అదే కాలంలో నది టెర్న్‌లు, చిన్న ఇసుక పిట్టలు మేట మీద గుడ్లు పెడతాయి. గూడు ఉండదు, ఇసుకలో చిన్న గుంట మాత్రమే. గుడ్లు గులకరాళ్లలా ఉండి కాలి కిందికి వచ్చేదాకా కనిపించవు. కాబట్టి ఫిబ్రవరి మొదలయ్యాక ఇసుక మేట మీదికి అడుగు పెట్టొద్దు. నీళ్లు తక్కువగా ఉన్నాయి కదా, నడిచిపోవచ్చు అనిపిస్తుంది. వద్దు.

8. తరచుగా జరిగే పొరపాట్లు, వాటికి విరుగుడు

"పదకొండింటికి చేరాం, ఏమీ లేదు." ముందురోజే మంచిర్యాలలోనో మంథనిలోనో రాత్రి ఉండండి. వరంగల్ నుంచి తెల్లవారి బయలుదేరి అందుకోవడం కష్టం, తొందరలో బండి నడపడం ఇంకా ప్రమాదం.

"ఎనిమిది మందిమి వెళ్లాం." ముగ్గురు, మహా అయితే నలుగురు. అంతకు మించితే రెండు జట్లుగా వేర్వేరు చోట్ల కూర్చోండి. మాటలు తగ్గడానికి వేరే మందు లేదు.

"కాలు దిగబడింది." పైపొర ఎండి పగుళ్లిచ్చినా కింద ఒండ్రు మెత్తగానే ఉంటుంది. కర్రతో గుచ్చి చూసి అడుగేయండి. దిగబడితే గింజుకోకండి. వెనక్కి వాలి బరువు పరిచి, ఒక్కో కాలు మెల్లగా లాగాలి. బూటు పోతే పోనీ.

"ఉన్నట్టుండి నీళ్లు పెరిగాయి." నీళ్ల అంచున ఒక పుల్ల గుచ్చి అరగంటకోసారి చూడండి. పుల్ల మునుగుతుంటే సామాను తర్వాత, ముందు పైకి ఎక్కండి. నీళ్లు ఒక్కసారిగా మట్టి రంగులోకి మారినా, చెత్త కొట్టుకొస్తున్నా అదే సూచన.

"పాము కరిచింది." రక్తపింజర, కట్లపాము, నాగుపాము మూడూ మన ప్రాంతంలో ఉన్నాయి. కోయడం, పీల్చడం, తాడు బిగించడం, నాటువైద్యం కోసం తిరగడం వద్దు. కరిచిన చోటు కదలకుండా ఉంచి 108కి ఫోన్ చేసి నేరుగా పెద్దాసుపత్రికి వెళ్లండి. ఉంగరాలు, కడియాలు వాపు రాకముందే తీసేయండి.

"ఫొటో రాలేదు." రాకపోవచ్చు. ఫోన్ కెమెరాతో నది అవతలి మొసలిని తీస్తే దుంగలాగే వస్తుంది. ఫోన్‌ను బైనాక్యులర్స్ కంటి అద్దానికి ఆనించి తీయండి, గుర్తుపట్టేంత వస్తుంది.

9. మధ్యాహ్నం తర్వాత, ఇంటికొచ్చాక

పదకొండున్నరకు లేచేయండి. అక్కడే ఉండి సాధించేది లేదు. సమయం ఉంటే అదే రోడ్డులో ముందుకు వెళ్తే చెన్నూరు, ఆ పక్క ప్రాణహిత అభయారణ్యం. 136 చదరపు కిలోమీటర్లు, కృష్ణజింకలకు పేరున్న చోటు. అక్కడికి మళ్లీ వేరే అనుమతి. నీళ్లు ఎక్కువగా ఉండి శివ్వారం కుదరదని ముందే తెలిస్తే నర్సంపేట వైపు పాకాల చెరువుకు మళ్లండి. చెరువు గట్టు మీద నుంచి నీటిపక్షులు బాగా కనిపిస్తాయి, మొదటిసారి బైనాక్యులర్స్ పట్టేవాళ్లకు అదే నయం కూడా.

వెళ్లేటప్పుడు సంచిలో మీ చెత్తతో పాటు తెగిన వల ముక్కలు కనిపిస్తే అవీ వేసుకోండి. నీటికాకుల మెడకు, తాబేళ్ల కాళ్లకు చుట్టుకునేవి అవే. వలలో చిక్కిన జీవం కనిపిస్తే మీరు విడిపించడానికి దిగకండి, బీట్ ఆఫీసర్‌కు ఫోన్ చేయండి. ముందురోజు నంబరు తీసుకోమన్నది ఇందుకే.

ఇంటికొచ్చిన రోజే పక్షుల జాబితా ఈబర్డ్‌లో (చూసిన పక్షులను నమోదు చేసే వెబ్‌సైట్) ఎక్కించండి. మర్నాటికి సగం మరచిపోతారు. మొసలి గూడు, టెర్న్ గుడ్లు ఉన్న కచ్చితమైన చోటును మాత్రం వాట్సాప్ గ్రూపుల్లో పెట్టకండి. నోటుపుస్తకంలో తేదీ పక్కన ఈ నాలుగూ రాసిపెట్టుకోండి: ఎల్లంపల్లి అవుట్‌ఫ్లో ఎంత, మేటలు ఎంతవరకు తేలాయి, ఎండ ఎన్నింటికి కాసింది, మొదటి మొసలి ఎన్నింటికి పైకి వచ్చింది. నా దగ్గరున్న పుస్తకంలో ఒక్కో పేజీకి ఒక్కో ప్రయాణం. వచ్చే డిసెంబరుకు ఏ రోజు వెళ్లాలో ఎవరినీ అడగకుండా అందులోనే చూసుకుంటాను.